మైనం కరిగిన వీణ

"ఈ వీణ మా పిల్లకే ఇస్తనన్నడు మీ నాయిన. ఇయ్యాల తీస్కపోతాన," అన్నాడు మల్లికార్జున్, చెప్పులతోనే లోపలికొచ్చి.

రాహేలుకు అరికాలి మంట నెత్తికెక్కింది. తండ్రి దేవదానం పోయి ఏడాది కూడా కాలేదు. మద్రాసు సభల దాకా పేరు మోసిన వైణికుడాయన. బట్టల సేటు మల్లికార్జున్ కూతురు నిర్మల ఆయన దగ్గర కొన్నాళ్లు నేర్చుకుంది, అంతే. ఇప్పుడు పార్టీ నాయకుడైన సేటు, ఆ పిల్లను దేవదానం వారసురాలిగా మంత్రి ముందు కూర్చోబెట్టి సంగీత కళాశాలలో కొలువు కొట్టేయాలని చూస్తున్నాడు.

"ఇయ్యనంటే?"

"నీ తమ్ముడు సుందర్ రావు సర్కారు బడిల పంతులు గదా. ఎమర్జెన్సీ నడుస్తాంది. జర సోచాయించు."

రాహేలు వీణ వైపు చూసింది. మెట్లను పట్టి నిలిపిన నల్లటి మైనం మీద తండ్రి బొటనవేలి అచ్చు. చివరిసారి వాటిని శ్రుతికి కుదిర్చి మేళం కట్టింది ఆయనే. ఎండ తగిలితే ఆ మైనం ఏమవుతుందో వీణ పట్టిన ప్రతివాళ్లకూ తెలుసు. మల్లికార్జున్ పట్టింది మైకొక్కటే.

"తీస్కపో సేటూ. గని కార్ల మూసి తీస్కపోతె ఎవలు చూస్తరు? ఓపెన్ జీపుల పెట్టి ఊరేగియ్యి."

"ఇప్పుడు తెలివికొచ్చినవ్," అని నవ్వాడు సేటు.

మే నెల మిట్టమధ్యాహ్నం. దండలేసిన వీణ బ్యాండు మేళంతో సుబేదారిలో మంత్రి సభ దాకా ఊరేగింది. రాహేలు పళ్లు బిగించి జీపు వెనకే నడిచింది.

సభలో నిర్మల వేలు నొక్కగానే మెట్టు జారింది. పక్కది ఒరిగింది.

"పిల్లి కూస్తాందా ఏందే?" అన్నాడెవడో. జనం గొల్లుమన్నారు. మంత్రి మొహం చిట్లించాడు.

"మైనం కరిగింది నాయినా. నాతోని కాదు," అంటూ నిర్మల లేచి వెళ్లిపోయింది.

మల్లికార్జున్ మైకు లాక్కున్నాడు. "ఇది దేవదానం వీణే కాదు. ఆయన బిడ్డ ఏదో పాత కట్టె అంటగట్టింది. మాకద్దు. తీస్కపొమ్మనుండ్రి."

రాహేలు కాచుకున్నది ఆ మాట కోసమే. వేదికెక్కి వీణను చేతుల్లోకి తీసుకుంది.

"మంత్రిగారు ఇన్నరు సేటూ. ఇగ మాట మార్చకు."

ఇంటికొచ్చాక సుందర్ రావు, "గెలిచినవక్కా," అన్నాడు.

ఆమె వీణ మెట్ల మీదికి వంగి చూసింది. వేలి అచ్చు ఉన్నచోట నల్లటి చార మిగిలింది. సేటు ఎత్తుకుపోలేని తండ్రి గుర్తును తానే ఎండకు ఇచ్చింది. తన మీద తనకే కలిగిన ఆ కోపం పోయే చోటు లేదు.

"కొత్త మైనం కాచు తమ్మీ. మేళం నేనే కడత."

"చెయ్యి కాల్తది, జర ఆగు."

"కాలనియ్యి," అంది రాహేలు.