వేలు పెట్టిన నీళ్లు

నీళ్ల వేడి చూడటానికి నాకు థర్మామీటరు అక్కర్లేదు. చూపుడువేలు చాలు. ఇరవై రెండేళ్లుగా ఇదే మాట అంటున్నాను, ఇదే వేలు ముంచుతున్నాను.

నా పని ఆస్పత్రి నేలమాళిగలో, కిటికీ లేని పాథాలజీ ల్యాబులో. పైన ఆపరేషన్ చేసి తీసిన ముక్కలన్నీ సీసాల్లో మా దగ్గరికి వస్తాయి. వాటికి మైనం పట్టించి బ్లాకులు చేస్తాం. ఆ బ్లాకును మిషను మీద బిగించి ఉల్లిపొర సిగ్గుపడేంత పలచగా కోస్తాం. అలా కోసిన పొర ముడతలు పడి ఉంటుంది. గోరువెచ్చని నీళ్ల తొట్టెలో వదిలితే దుప్పటి పరిచినట్టు సాపుగా పరుచుకుంటుంది. అప్పుడు కింద నుంచి గాజు స్లైడు పెట్టి ఎత్తుకోవాలి. నీళ్లు చల్లబడితే ముడత పోదు, వేడెక్కితే పొర చెదిరిపోతుంది. ఆ రెండింటికీ మధ్య వేడి ఏమిటో నా వేలికి తెలుసు.

నా ఎదురు బల్ల అతనికి వేళ్ల మీద నమ్మకం లేదు. నలభై ఏళ్ల మనిషి, నాకంటే పదేళ్లు చిన్న. గాజు గొట్టం తొట్టెలో పెట్టి, కళ్లజోడు సర్దుకుని, వంగి, నలభై అయిదు కనబడేదాకా కత్తి ముట్టుకోడు. అందుకే అతనికి థర్మామీటరు అని నేనే పేరు పెట్టాను. డాక్టర్లు కూడా అలాగే పిలుస్తారు. తొట్టె పక్కన మేకుకు ఒక నోటుపుస్తకం వేలాడదీసి తేదీ, టైము, వేడి, ఆ రోజు కోసింది ఎవరు, అన్నీ రాస్తాడు. ఒక్క అంకె తప్పు వేసినా అతనికి ఆ రోజు అన్నం సయించదు. నన్నూ రాయమని చాలాసార్లు అడిగాడు. "కోత వచ్చినవాళ్లకి రాత ఎందుకయ్యా?" అనేదాన్ని.

ఇక ఫ్లోటరు గురించి చెప్పాలి. ఒక బ్లాకు కోశాక తొట్టెలో నీటి పైభాగాన్ని కాగితంతో తుడవాలి. తుడవకపోతే మొదటివాళ్ల ముక్క రవ్వంత అక్కడే తేలుతూ ఉండి, తర్వాతివాళ్ల స్లైడు మీదకి ఎక్కి కూర్చుంటుంది. ఒకావిడ గర్భసంచి ముక్క ఇంకో మీసాలాయన పిత్తాశయంలో కనబడుతుంది. అలా తేలి వచ్చిన పరాయి ముక్కనే ఫ్లోటరు అంటారు. మా లోకంలో దాన్ని మించిన తిట్టు లేదు. వారం రోజులకని వచ్చి ఆరేళ్లుగా మా సోఫాకు అతుక్కుపోయిన మా మరిదిని కూడా నేను ఇంట్లో ఆ పేరుతోనే తలుచుకుంటాను. నా తొట్టెలో మాత్రం ఇరవై రెండేళ్లలో ఒక్క ఫ్లోటరూ తేలలేదని నలుగురిలో చెప్పుకుని తిరిగేదాన్ని.

ఇలా ఉండగా లిఫ్టు బాబాయ్ మెడలో గడ్డ లేచింది.

అతను ఆస్పత్రికంతటికీ బాబాయే. ఆ లిఫ్టు అతనికంటే ముసలిది, ఇంకొకరు మీట తిప్పితే కదలదు. మేం స్లైడ్లను ట్రేలలో పేర్చి ఆ లిఫ్టులోనే మూడో అంతస్తుకు పంపుతాం. డాక్టర్లు సూక్ష్మదర్శినులు పెట్టుకుని కూర్చునేది అక్కడే. బాబాయ్ రెండు నెలలు మఫ్లరు కట్టుకుని గడ్డను దాచాడు. చివరికి సర్జను అతన్ని లిఫ్టులోనే పట్టుకుని, మఫ్లరు లాగేసి, ఆ వారమే గడ్డ తీసేశాడు. ముక్క మా దగ్గరికి వచ్చింది. మంగళవారం కోశాం, బుధవారం స్లైడు పైకి వెళ్లింది.

గురువారం పొద్దున మూడో అంతస్తు డాక్టర్లందరికీ పెద్దయిన పెద్ద మేడం రాసిన చీటీ ట్రేలో కిందికి వచ్చింది. దాన్ని తెచ్చింది బాబాయే. మూడంతస్తులు దిగేలోగా అతనికి చదువుకోవడానికి వేరే ఏమీ దొరకదు.

"అమ్మాయ్, 'రిపోర్టు ఆపండి. మెడ గ్రంథిలో చర్మకణాల్లాంటివి ఉన్నాయి. ఎక్కడివి?' అని రాసుంది. నా చర్మం బయటుండక మెడ లోపలికి ఎందుకెళ్లింది?"

గ్రంథిలో చర్మకణాలు ఉండకూడదు. ఉన్నాయంటే నోట్లోనో గొంతులోనో మొదలైన కేన్సరు అక్కడిదాకా పాకిందని అర్థం కావచ్చు. ఆ మాట అతనికి చెప్పలేక, నోటికి వచ్చింది అనేశాను.

"ఏం కాదు బాబాయ్. అది ఫ్లోటరు. ఎవరిదో చర్మం ముక్క తేలి వచ్చుంటుంది. ఈ థర్మామీటరు తొట్టె సరిగ్గా తుడిచుండడు."

బాబాయ్‌కి ధైర్యం చెప్పాలనే అన్నాను. థర్మామీటరును ఒక మాట అనే అవకాశం ఎన్నాళ్లకో దొరికిందని కూడా అన్నాను. అతను తలెత్తి నన్ను చూశాడు, మేకుకున్న పుస్తకం వైపు చూశాడు, నిమ్మకు నీరెత్తినట్టు మళ్లీ పనిలో పడ్డాడు.

నేను మూడో అంతస్తుకు వెళ్లి, "అది ఫ్లోటరే మేడం" అన్నాను. పెద్ద మేడం సూక్ష్మదర్శిని లోంచి తల తీయలేదు.

"ఆ మాట వాడితే ప్రాణానికి చాలా హాయిగా ఉంటుందమ్మా. అందుకే దాన్ని ఆఖర్న వాడాలి. మనకి నచ్చని ముక్కనల్లా ఫ్లోటరు అని పక్కన పెడుతూ పోతే, ఏదో ఒకరోజు నిజం కేన్సర్ని కూడా పక్కన పెట్టేస్తాం. నిజంగా తేలొచ్చిందైతే బ్లాకులో ఉండదు. ఆ బ్లాకు ఇంకా లోతుగా కోయించండి. సీసాలో మిగిలిన గడ్డకి కూడా మైనం పట్టించి కోయించండి. ఈసారి వేరే చెయ్యి కొయ్యాలి. రుజువయ్యేదాకా ఆ మాట ఎవరి నోటా రాకూడదు."

మిగిలిన గడ్డ మైనం పట్టి కోతకు రావాలంటే శనివారం అవుతుంది. ఆ మాట మాత్రం నా నోటి నుంచి అప్పటికే వచ్చేసి, లిఫ్టెక్కి, అన్ని అంతస్తులూ తిరిగేసింది.

బాబాయ్ సగం నన్ను నమ్మాడు, సగం నమ్మలేదు. నమ్మిన సగంతో థర్మామీటరును లిఫ్టు గుమ్మంలోనే ఆపేశాడు. "నా మెడలో ఎవరి తోలో కలిపిన మనిషిని నా లిఫ్టు ఎక్కించను. మెట్లున్నాయి, వెళ్లు" అన్నాడు. థర్మామీటరు ట్రే రెండు చేతులా పట్టుకుని మెట్ల వైపు తిరిగాడు. నేను నవ్వుకున్నాను కూడా. ఇప్పుడు తలుచుకుంటే సిగ్గేస్తుంది.

నమ్మని సగంతో బాబాయ్ తన వ్యవహారాలు చక్కబెట్టుకోవడం మొదలుపెట్టాడు. తొమ్మిదేళ్ల కిందట వాచ్‌మన్ దగ్గర తీసుకున్న గొడుగు తిరిగిచ్చాడు. దానికి గుడ్డ లేదు, ఊచలే ఉన్నాయి. తను కూర్చునే స్టూలు క్యాంటీను వంటాయనకు రాసిచ్చి, ఒక కాలు పొట్టి కాబట్టి అట్టముక్క మడిచి పెట్టుకోమని జాగ్రత్త చెప్పాడు. మేట్రన్ లిఫ్టెక్కితే చేతులు జోడించాడు.

"ఆ ఇన్‌స్పెక్షన్ రోజు లిఫ్టు మధ్యలో దానంతటది ఆగలేదు తల్లీ. మీ వార్డు సర్దుకోడానికి టైము కావాలి కదా అని నేనే ఆపాను. పాపం తనిఖీకొచ్చిన ఆ పెద్దాయన ముప్పావు గంట లోపలే ఉండిపోయాడు. నన్ను క్షమించు."

మేట్రన్‌కు ఏడవాలో, కేకలెయ్యాలో, దండం పెట్టాలో తెలియలేదు. కొడుకు పుట్టాడని ఫ్లాస్కు పట్టుకుని పరిగెత్తుకొచ్చిన ఒకాయన రెండో అంతస్తు చేరేలోగా ఈ బతుకెంత నీటిబుడగో బాబాయ్ నోట విని, దిగేటప్పుడు ఫ్లాస్కు మరిచిపోయాడు.

శుక్రవారం సాయంత్రం లిఫ్టులో ఇద్దరమే ఉన్నాం. బాబాయ్ మీట మీద చెయ్యేసి, నా వైపు చూడకుండా అడిగాడు.

"ఎంత టైముందో నిజం చెప్పమ్మాయ్. నాకోసం కాదు. ఈ లిఫ్టు ఇంకెవరి మాటా వినదు. ఎవరికైనా నేర్పాలంటే ఆర్నెల్లు పడుతుంది. అంతుందా?"

నాకు ఏడుపొచ్చింది. దగ్గు వచ్చినట్టు నటించి దిగిపోయాను.

శనివారం నేను కత్తి అందుకునేలోగా థర్మామీటరే కొత్త నీళ్లు పోసి, వేడి చూసి, రాసి, అప్పుడు కోశాడు. అయిదు స్లైడ్లు. వాటిని తీసుకుని అతను మెట్ల మీదుగా, నేను లిఫ్టులో, పైకి వెళ్లాం. పెద్ద మేడం ఒక్కొక్కటీ మూల మూలా చూసింది. నాకైతే ఏడాది గడిచినట్టనిపించింది.

"ఏమీ లేదు. ఉబ్బిన గ్రంథి, అంతే. నోట్లో పుచ్చుపన్ను ఏదో ఉండుంటుంది, పీకించుకోమనండి."

మేడం పాత స్లైడు పెట్టి, నన్ను దగ్గరికి రమ్మని, చూడమంది. గులాబీ, నీలం రంగుల్లో గ్రంథి స్పష్టంగా కనిపించింది.

"ఇప్పుడు ఫోకస్ కొంచెం తిప్పండి."

తిప్పాను. గ్రంథి మసకబారింది. దాని పైన చేప పొలుసుల్లాంటి రేకులు నాలుగైదు తేటగా బయటపడ్డాయి.

"చూశారా, లోపల లేవు, పైన కూర్చున్నాయి. ఒక్కదానికీ మధ్యలో కేంద్రకం లేదు. చచ్చిన పైచర్మం. ఇది ఏ రోగి ముక్కా కాదమ్మా, వేలి పొర. ఎవరో తొట్టెలో వేలు పెట్టారు. ఇప్పుడు రాయొచ్చు, ఫ్లోటరు అని." మేడం థర్మామీటరు వైపు తిరిగింది. "మంగళవారం తొట్టె ఎవరిది?"

గుమ్మడికాయల దొంగ అంటే భుజాలు తడుముకున్నట్టు నా కుడిచెయ్యి దానంతటదే వీపు వెనక్కి వెళ్లింది. థర్మామీటరుకు ఆ పుస్తకమంతా కంఠతా వచ్చు. అయినా, "కిందికెళ్లి చూసి చెప్తాను మేడం" అన్నాడు.

కిందికి వచ్చాక పుస్తకం నేనే తీశాను. మంగళవారం ఎదురుగా అతని గుండ్రటి అక్షరాలు: 'నేను సెలవు. తొట్టె అక్కది. వేడి తెలియదు.' ఆ రోజు అతను రాలేదన్న సంగతే నాకు గుర్తు లేదు.

"మొదటిరోజే ఎందుకు చెప్పలేదయ్యా?"

"మీరు అడగలేదక్కా" అన్నాడు. తర్వాత కళ్లజోడు తుడుచుకుంటూ, "నన్ను తిట్టుకుంటున్నంతసేపూ బాబాయ్ కొంచెం ధైర్యంగా ఉన్నాడు. అది ఫ్లోటరే అని నమ్మాలంటే ఎవరో ఒకరు తప్పు చేసుండాలి కదా" అన్నాడు.

గురివింద గింజ సామెత చిన్నప్పటి నుంచీ ఎంతమంది మీదో విసిరాను. అది తిరిగొచ్చి నాకు తగలడానికి ఇన్నేళ్లు పట్టింది. మేడంకి ఫోన్ చేసి, "నా వేలేనండీ" అన్నాను.

"ఇరవై రెండేళ్లుగానా?" అంది.

అది రోగుల్ని చూడటానికి జనం వచ్చే వేళ. లిఫ్టు కిటకిటలాడుతోంది. మేట్రన్ కూడా ఉంది. ఎక్కుతూనే చెప్పేశాను.

"బాబాయ్, నీకేం లేదు. పుచ్చుపన్ను. పీకించుకుంటే సరి."

బాబాయ్ ఒకటికీ రెండుకీ మధ్యలో లిఫ్టు ఆపేశాడు. మఫ్లరుతో కళ్లొత్తుకున్నాడు. ముక్కూమొహం తెలియనివాళ్లు కూడా అతని భుజం తట్టారు. మేట్రన్ గట్టిగానే ఏడ్చింది.

"నువ్వు మొదట్నుంచీ చెప్తూనే ఉన్నావమ్మాయ్, ఆ థర్మామీటరుగాడి పనేనని."

"అతను కాదు బాబాయ్. నేనే. నీళ్లలో వేలు పెట్టాను. నీ స్లైడు మీదున్నది నా చర్మం."

బాబాయ్ నా చేతుల వైపు చూశాడు.

"ఏ వేలు?"

చూపించాను. కళ్లజోడు పెట్టుకుని, పట్టుకుని, అటూ ఇటూ తిప్పి చూశాడు. "రెండు రోజులు నన్ను చంపింది ఇదా" అన్నాడు. "మొత్తానికి ఇద్దరం ఒకే గాజుముక్క మీద పడుకున్నాం. ఇక నువ్వు పరాయిదానివి కాదు." జనం నవ్వారు. నేనూ నవ్వబోయాను. బాబాయ్ నవ్వలేదు. మీట తిప్పాడు. లిఫ్టు పైకి కాకుండా కిందికి బయల్దేరింది.

నేలమాళిగలో థర్మామీటరు ట్రే పట్టుకుని మొదటి మెట్టు మీద కాలు పెడుతున్నాడు. బాబాయ్ తలుపు బార్లా తీశాడు.

"ఎక్కు నాయనా. తప్పు నాది." తర్వాత నా వైపు తిరిగాడు. "నువ్వు దిగమ్మాయ్. అతను ఎన్నిసార్లు మెట్లెక్కాడో అన్నిసార్లు నువ్వూ ఎక్కాలి. ఆ తర్వాతే నా లిఫ్టు. ఎన్నిసార్లు ఎక్కావు నాయనా?"

థర్మామీటరు నా మోకాళ్ల వైపు ఒకసారి చూశాడు.

"ఏడుసార్లు."

శనివారం రెండు, సోమవారం మూడు, మంగళవారం రెండు. మోకాళ్లు పటపటలాడినా లెక్క తప్పలేదు. ఏడోసారి దిగి వచ్చి, కొత్త బ్లాకు కోయడానికి తొట్టె దగ్గర నిలబడ్డాను. వేలు సగం దాకా వెళ్లి గాల్లో ఆగింది. గాజు గొట్టం తీసి నీళ్లలో పెట్టి, వంగి చూశాను. నలభై అయిదు. రాయడానికి పుస్తకం అందుకుంటే మేకు నుంచి జారి వెనక పేజీ తెరుచుకుంది. అదే గుండ్రటి చేతిరాత. తేదీ, టైము, పక్కన 'ట్రే పైకి, మెట్లు'. వరసగా కిందిదాకా ఉన్నాయి. ఒకసారి లెక్కపెట్టాను. నమ్మకం కుదరక మళ్లీ లెక్కపెట్టాను.

పదమూడు.

ఎదురు బల్ల మీద అతను తల వంచుకుని కోసుకుంటున్నాడు. నేను పేజీ తిప్పి, ఆ రోజు తేదీ కింద నలభై అయిదు వేసి, పక్కన సంతకం పెట్టాను. బ్లాకు పక్కనపెట్టి, సిద్ధంగా ఉన్న ట్రే తీసుకుని బయటికి వచ్చాను.

బాబాయ్ లిఫ్టు తలుపు తీసి పట్టుకుని ఉన్నాడు. దవడ వాచి ఉంది, పన్ను పీకించుకున్నట్టున్నాడు.

"ఏడూ అయిపోయాయిగా, రా, ఎక్కు" అన్నాడు.

"ఇంకా ఆరున్నాయి బాబాయ్" అని మెట్ల వైపు నడిచాను.