వట్టి ఎసరు

మా వదిన అమ్మన్నమ్మకి నేను చెప్పింది రెండే ముక్కలు. కట్టుకున్న పాతచీరతో రా, అడిగినదానికి ఉన్నదున్నట్టు చెప్పు. ఎస్టీడీ బూత్‌లో నిలబడి, మా ఊరి షావుకారి కొట్టుకి ఫోన్ చేసి, బయట ఉన్నవాళ్లు తిరిగి చూసేంత గట్టిగా చెప్పాను. తీరా సికింద్రాబాద్ స్టేషన్లో రైలు దిగిన మనిషిని చూస్తే నాకు అరికాలి మంట నెత్తికెక్కింది. నెమలికంఠం రంగు పట్టుచీర! చేతిలో జంతికల డబ్బా!

"ఎవరిది వదినా ఈ చీర?"

"షావుకారి కోడలిదే. అడిగితే ఇచ్చినాది. పెద్దోల ముందుకి సిరిగిపోయిన సీర కట్టుకోని ఎలతారేటే?"

"మరి ఈ జంతికలు?"

"ఒట్టి సేతుల్తో ఎలతారేటి? పిండీ నూనీ అక్కడే అడిగినాను."

మనవరాలికి గుప్పెడు నూకలు పుట్టని ఇంట్లోంచి జంతికలు వచ్చాయి. ఏం చెప్పను ఈ మనిషికి? ఆటో ఎక్కించి సైనిక్‌పురి తీసుకెళ్లాను.

నేను సైనిక్‌పురిలో సదాశివ సార్ ఆఫీసులో వంట చేస్తాను. సీతాఫల్‌మండిలో ఒక్క గదిలో ఉంటూ రోజూ వచ్చిపోతాను. పల్లెటూళ్ల అభివృద్ధి అని బోర్డు పెట్టుకున్న ఆఫీసు అది. కరువు ఊళ్లలో పిల్లలకి సాయంత్రంపూట వేడన్నం పెడతారు. డబ్బు హైటెక్ సిటీ వైపున్న ఒక సాఫ్ట్‌వేర్ కంపెనీ వాళ్లది. శ్రీకాకుళం జిల్లాలో మా ఊరి పేరు సార్ చెవిలో వేసింది నేనే. రెండేళ్లుగా వానల్లేక మా అన్న కొడుకు సూరి, వాడి పెళ్లాం మద్రాసులో మేడలు కట్టే పనికి పోయారు. కూతురు పూజితని మా వదిన దగ్గర వదిలారు. మా అన్న ఎప్పుడో పోయాడు. నాలుగేళ్లు నిండని ఆ గుంటకి రోజు మొత్తంలో కడుపునిండా దొరికేది ఆ సాయంత్రం అన్నమే. ఈ ఏడు మా ఊరికి డబ్బు ఇవ్వాలా, ఆపాలా అని కంపెనీ వాళ్లు ఆలోచిస్తున్నారు. ఊరి మనిషి నోటితో విని తేలుస్తామన్నారు. అందుకే మా వదినని రప్పించారు.

నా భయమల్లా ఆ నోటిగురించే. మా వైపు ఆడది పస్తున్నానని పరాయివాళ్ల ముందు చచ్చినా అనదు. తిన్నావా అంటే అయిందంటుంది. బియ్యం లేని రోజు కూడా వేళకి పొయ్యి వెలిగించి వట్టి ఎసరు పెడుతుంది. పొగ లేవకపోతే ఇరుగుపొరుగుకి తెలిసిపోదూ! ఆ నీళ్లు కాగీ కాగీ ఇగిరిపోతాయి, గిన్నె దించి మూత పెట్టి వంటయిందంటుంది. మా అమ్మ చేసింది, మా వదిన చేస్తోంది. దరిద్రపు మర్యాద!

ఆఫీసుకి రాగానే వంటింట్లో ఇడ్లీ పెట్టాను. ముట్టుకోలేదు. "పెద్దోలు తినకుండా నానెలా తింతానే?" అని కూర్చుంది.

కంపెనీ తరఫున భానుప్రకాశ్ అనే కుర్రాడు, ఇంకో నలుగురు వచ్చారు. మెళ్లో ట్యాగులు. మా వదిన హాల్లో కుర్చీ అంచున కూర్చుని అందరికీ జంతికలు పంచింది. వాళ్లు కరకరమని నములుతూ మీటింగ్ షురూ చేశారు.

"అమ్మా, టిఫిన్ అయిందా?" అని భానుప్రకాశ్ అడిగాడు.

"అయింది బాబూ. మీరు తినండి."

"ఊళ్లో పిల్లలు రాత్రి తింటున్నరా? మా అన్నం సెంటర్ లేకుంటే తక్లీఫ్ అవుతదా?"

గుమ్మం దగ్గర ట్రే పట్టుకుని నేను కళ్లతో చెబుతూనే ఉన్నాను. చెప్పు వదినా, చెప్పు. ఆవిడ పట్టుచీర కొంగు సర్దుకుంది.

"తింతారు బాబూ. మాకేటి లోటు? మా సూరిగాడు మద్రాసులో పెద్ద పనిలో ఉన్నాడు. మీరు పెట్టినా పెట్టకపోయినా మా గుంటకి రెండు పూటలా కూడు ఉంటాది."

"గ్రేట్!" అన్నాడు భానుప్రకాశ్. పక్కనున్న అమ్మాయి ఫొటో తీసింది. సదాశివ సార్ మొహం వెలిగిపోయింది.

ఇంక నావల్ల కాలేదు. ట్రే టేబుల్ మీద పడేసి, "అబద్ధం సార్! పొద్దున్నుంచి ఆవిడే ఏం తినలేదు. వాళ్లింట్లో రాత్రిళ్లు వట్టి నీళ్లు కాస్తారు. ఆ పిల్ల మీ అన్నం మీదే బతుకుతోంది," అన్నాను.

భానుప్రకాశ్ మా వదిన వైపు తిరిగి, "నిజమేనా అమ్మా?" అన్నాడు.

ఆవిడ నన్ను చూసిన చూపు! నడివీధిలో ఆవిడ చీర లాగేసినా అలా చూసేది కాదు.

"దీనికి మతి లేదు బాబూ. పట్నం వచ్చి మారిపోనాది. నా మనవరాలి మీద ఒట్టు, మా ఇంట ఒక్క పూటా పస్తు లేదు," అంది.

ఒట్టు అనగానే అందరికీ నమ్మకం కుదిరింది. భానుప్రకాశ్ ఇంగ్లీషులో ఏదో చెప్పాడు, అందరూ చప్పట్లు కొట్టారు. మా వదిన కూడా నవ్వుతూ కొట్టింది.

తర్వాత వంటింట్లో సదాశివ సార్‌ని పట్టుకున్నాను. "మీరు ఊరికి వెళ్లొచ్చారు కదా సార్. మీకు తెలీదా?"

"తెలుసమ్మా. కానీ ఆమెనే ఒట్టు వెట్టింది కద? నేనేం చేస్త? వాళ్లకు సుత ఒక్క ఊరన్న బాగుపడ్డదని చూపించాలె, అప్పుడే వేరే ఊర్లకు పైసలొస్తయి. నువ్వు పరేషాన్ గాకు, జెర పెరుగు తియ్యి," అన్నాడు.

అందరూ తిని లేచాక మా వదినకి పెట్టాను. గోడవైపు తిరిగి కూర్చుని, వంచిన తల ఎత్తకుండా తింది. గిన్నెలో అన్నం అయిపోయేదాకా తింది. చేయి కడుక్కుంటూ, "నలుగురిలో పరువు తీసినావు కదే," అంది. నా కడుపు మండిపోయింది. పో, ఆ పరువే వండి పెట్టు నీ మనవరాలికి అన్నాను. సాయంత్రం స్టేషన్‌కి కూడా వెళ్లలేదు, ఆఫీసు డ్రైవర్‌తో పంపేశాను.

ఆ నెలాఖరుకి మా ఊళ్లో అన్నం పెట్టడం ఆపేశారు. గిన్నెలు, గరిటెలు వేరే ఊరికి పట్టుకుపోయారు. ఇక్కడ హాల్లో పట్టుచీరలో నవ్వుతున్న మా వదిన ఫొటో పెద్దది చేయించి గోడకి పెట్టారు. కింద 'ఆకలిని జయించిన గ్రామం' అని రాయించారు. రోజూ దాని కిందే నేను తుడవాలి.

ఎండలు ముదిరాక ఒకరోజు మధ్యాహ్నం షావుకారి కొట్టు నుంచి ఆఫీసుకి ఫోన్ వచ్చింది. మా వదిన.

"పూజిత పోనాదే రాజ్యం. విరోచనాలు పట్టుకున్నాయి. రెండ్రోజులకే పోనాది. ఒంట్లో ఏటీ లేదు, ఎలా తట్టుకుంటాది?"

అవతల ఆవిడ ఏడుస్తూనే ఉంది.

"నా ఒట్టే తగిలినాదే. దొంగొట్టు పెట్టినాను కదా. నా నోరు పడిపోను!"

"ఒట్టు కాదు వదినా. ఆకలి. తిండిలేక పోయింది పిల్ల," అని అరిచాను.

ఏడుపు టక్కున ఆగింది. "నోర్ముయ్యి. షావుకారు వింతన్నాడు," అంది గొంతు తగ్గించి. "మా గుంట కూడు లేక పోనాదని ఎవలితోనైనా అన్నావో, నా శవం సూస్తావు. ఒట్టు తగిలి పోనాది. ఊరంతా అదే అనుకుంతన్నారు. అలాగే అనుకోనీ."

ఏదో ఒకటి అనాలి కదా అని, "నువ్వు తిన్నావా వదినా?" అన్నాను.

"అయిందే," అంది. ఫోన్ పెట్టేసింది.

నేనూ రిసీవర్ పెట్టేశాను. సదాశివ సార్ హాల్లోంచి వచ్చాడు. "ఏందమ్మా రాజ్యం, మొహం గట్లుంది? తిన్నవా?"

మా వాళ్లలో ఒక్కరైనా ఆ మాట అనాలని కసి పుట్టింది నాకు. "లేదు సార్, తినలేదు. ఆకలేస్తోంది. మా వదిన మనవరాలు తిండిలేక చచ్చిపోయింది సార్. మీరు అన్నం ఆపేసినందుకు చచ్చిపోయింది," అన్నాను. ఒక్క మాట మింగలేదు.

"అయ్యో," అన్నాడు. నిజంగానే మొహం చిన్నబోయింది. ఒకసారి హాల్లోకి తొంగి చూసి గొంతు తగ్గించాడు. "చాలా బాధ అయితున్నదమ్మా. సాయంత్రం కూసుని మాట్లాడుదాం. గీ మాట హాల్ల అనకు. కొత్తోళ్లొచ్చిన్రు, ఐదు చాయ్ పెట్టి నువ్వు తినిపో."

టీ పెట్టాను. ట్రే పట్టుకుని వెళ్లేసరికి కొత్తవాళ్లు గోడమీద ఫొటో చూస్తున్నారు. "ఎంత కళగా ఉందో కదా ఈవిడ!" అంది అందులో ఒకమ్మాయి.

చక్కెర ఎంత వేయమంటారని అడిగాను.