తొమ్మిదో తేదీ వాన

తొమ్మిదో తేదీ వచ్చిందంటే హైమవతి మధ్యాహ్నం మూడింటికల్లా వంటింటి పని ముగించుకుని, ముట్రంలో దండెం మీది గుడ్డలు తీసి లోపల పెట్టేది. తొండియార్‌పేటలోని ఆ ఇల్లు తాతల నాటిది. పెంకులు దించి మిద్దె వేయించి ముప్పై ఏళ్ళు దాటినా, ఇంటి నడిమధ్య ఆకాశానికి తెరిచి వదిలిన ఆ కాస్త చోటును మాత్రం ఎవరూ మూయనీయలేదు. దాన్నే ఆ ఇంట్లో ముట్రం అంటారు.

మూడున్నరకు పైన అద్దెకుండే పొన్నమ్మ రెండు ప్లాస్టిక్ బిందెలతో మెట్లు దిగేది. పుట్టుక తమిళమే అయినా, పద్నాలుగేళ్ళుగా ఈ ఇంట్లో ఉండి రెండు భాషలూ కలిపి తనకంటూ ఒక భాష చేసుకుంది.

"అక్కా, ఇన్నిక్కి ఒంబదాం తేది దానే? రెండు కొడం పట్టుకుంటా."

"ఆఁ, తొమ్మిదో తేదీనే. రెండు బిందెలూ పట్టుకో. తులసికోట పక్కన మాత్రం పెట్టబాక. ఆయన నిలబడే చోటు."

"నాకు తెలీదా ఏంది."

సరిగ్గా నాలుగింటికి దేవుడి గూట్లో ఉన్న పాత ఫోను ఒక్కసారి టింగుమనేది. బ్యాంకు నుంచి వచ్చే కబురది. మీ ఖాతా నుంచి నాలుగు వందల తొంభై తొమ్మిది రూపాయలు 'జడివాన' యాప్‌కు చెల్లించాము, అని. ఆ చప్పుడు ఆరీ ఆరకముందే ముట్రంలో వాన మొదలయ్యేది. బయట వీధిలో ఎండ ఎండగానే ఉండేది. ఎదురింటివాళ్ళ వడియాలు ఎదురింట్లో ఎండుతూనే ఉండేవి. ఇల్లు మిద్దె అయిపోయినా ఆ వాన మాత్రం పెంకుల మీద పడ్డట్టే చప్పుడు చేసేది. పదకొండు నిమిషాలు కురిసి, కొళాయి కట్టేసినట్టు ఆగిపోయేది. నడుమ ఎప్పుడో ఒకసారి, తులసికోట వైపు నుంచి, రెండేళ్ళ కిందట పోయిన వెంకటసుబ్బారావు గొంతు సవరించుకునేవాడు.

అంతే. మాట ఉండేది కాదు, మనిషి కనిపించేవాడు కాదు. ఆ ఒక్క సవరింపు కోసం హైమవతి నెల పొడుగునా బతికేది. అది వినబడ్డాక కొంగుతో ముఖం తుడుచుకుని దీపం వెలిగించేది. పొన్నమ్మ నిండిన బిందెలు పైకి మోసుకుపోయేది.

వెంకటసుబ్బారావుది గోనెసంచుల వ్యాపారం. యాభై దాటాక ఆయనకు నిద్ర కరువైంది. చిన్నప్పుడు ఇదే ఇంట్లో పెంకుల కింద పడుకుని వాన వింటూ నిద్రపోయేవాడట. ఆ చప్పుడు ఫోన్లో దొరుకుతుందని ఎవరో చెబితే జడివాన వేయించుకున్నాడు. అందులో కొబ్బరాకుల మీద వాన, రేకుల మీద వాన, చెరువు మీద వాన అని వేరువేరుగా ఉండేవి. ఆయనకు పెంకులే కావాలి. ఏడు రోజులు ఉచితం అన్నారు. ఎనిమిదో రోజు నుంచి ప్రతి నెలా డబ్బు కోసుకోవడం మొదలుపెట్టారు. ఆపెయ్యండి అని హైమవతి చెబితే ఆయన నవ్వి, "ఏడు రోజులు ఇంట్లో పెట్టుకున్నదాన్ని ఎనిమిదో రోజు పొమ్మంటే ఏం బాగుంటుందే హైమా" అన్నాడు.

పొమ్మనడం ఆ ఇంట్లో లేదు. గడప దాటే మనిషి "పొయ్యొస్తా" అనాలి. లోపలున్నవాళ్ళు "పొయ్యిరా" అనాలి. హైమవతి అత్తగారు బతికున్న రోజుల్లో ఎవరైనా ఆ మాట మరిచిపోయి వీధి మలుపు దాకా పోయినా, వెనక్కి పిలిచి, కూర్చోబెట్టి, గుక్కెడు నీళ్ళు తాగించి, మళ్ళీ మొదటి నుంచి బయలుదేరదీసేది.

రెండేళ్ళ కిందట చిత్తిరి నెలలో ఒక ఉదయం హైమవతి ముట్రంలో పాత చీర పరిచి వడియాలు పెడుతోంది. చేతుల నిండా పిండి. వెంకటసుబ్బారావు చెప్పులేసుకుని తులసికోట పక్కన నిలబడి, గొంతు సవరించుకుని, పైకి చూశాడు.

"వాన వచ్చేట్టుందే."

"ఈ ఎండల్లో వానేంది? నా వడియాలకు దిష్టి పెట్టబాకండి. పొండి, పొండి."

ఆయన నవ్వుకుంటూ పోయాడు. పదకొండు గంటలకు కొట్లో సంచుల దొంతరకు ఆనుకుని కూర్చున్నవాడు కూర్చున్నట్టే ఒరిగిపోయాడు. డాక్టరు గుండె అన్నాడు. హైమవతి కారణం వేరే ఉందనుకుంది. ఎవరితోనూ అనలేదు.

పై నెల తొమ్మిదిన వాన పడింది. మరిది నిరంజన్ భార్య రంజిత, అదే ఇంట్లో ఉండేది, తోటికోడలి మంచికేనని ఆ పాత ఫోన్లోంచి జడివానను తీసి పారేసింది. ఆ పై నెల తొమ్మిదిన మళ్ళీ వాన పడింది. "ఫోన్లోంచి యాప్ తీసేస్తే చందా ఆగదక్కా. ఆడ నుంచి ఆపాల. అది వేరే, ఇది వేరే" అని చెప్పింది రంజిత. చెబుతూ హైమవతి ముఖం చూసి, ఇక ఆ ఊసు ఎత్తలేదు.

ఆ తర్వాత తొమ్మిదో తేదీలు హైమవతిని ఇంటికి కట్టేశాయి. అక్క కూతురి పెళ్ళి తొమ్మిదిన పడితే అక్షింతలు పంపించి ఊరుకుంది. తిరుమలకు ఎనిమిదిన బయలుదేరి పదిన వచ్చే బస్సు అంటే కాలు నొప్పి అంది.

ఈ మేలో నెల్లూరు నుంచి ఉత్తరం వచ్చింది. దూరపు బంధువు వరదరాజులు గారు అక్కడ ఆడపిల్లల హాస్టలు నడుపుతారు. వార్డెనమ్మ మానుకున్నారు, నువ్వు బీయే చదివినదానివి, నలుగురికీ వండి వడ్డించే చేయి, వచ్చి చేరమ్మా, అని రాశారు. చేరవలసింది జూన్ తొమ్మిదిన. హైమవతి ఆ ఉత్తరాన్ని నాలుగుసార్లు చదివింది. పెళ్ళికి ముందు టీచరు ట్రైనింగుకు దరఖాస్తు నింపి, పంపకుండానే చెన్నైకి కాపురానికి వచ్చిన పిల్ల ఒకత్తె లోపలెక్కడో లేచి కూర్చుంది. పిల్లలు లేని ఇల్లు. నలభై ఎనిమిదేళ్ళ వయసు. ఉత్తరం మడిచి వెంకటేశ్వరస్వామి పటం వెనక పెట్టింది. జవాబు రాయలేదు.

మే చివర్లో ఒకరోజు వేళ కాని వేళలో పాత ఫోను మోగింది. రంజిత తీసి చదివింది.

"అక్కా, జూన్ నుంచి నెల చందా లేదంట. ఏడాది చందాకి మార్చినారు. మనల్ని అడక్కుండానే. తొమ్మిదో తేదీ నాలుగువేల తొమ్మిది వందల తొంభై తొమ్మిది కోస్తారంట."

హైమవతి చేటలో బియ్యం ఏరుతోంది. చెయ్యి ఆగింది. "డబ్బు సంగతి కాదు మే రంజితా. ఏడాదికోసారి కోస్తే, వాన ఏడాదికోసారేనా?"

"మరి కోసిన రోజే గదా పడేది."

మెట్ల మీద కూర్చుని పూలు కట్టుకుంటున్న పొన్నమ్మ తల ఎత్తింది. "వరుషానికి రెండు కొడమా? దానికి లారీ నీళ్ళే మేలు పో."

రంజిత నవ్వలేదు. వచ్చి హైమవతి పక్కన కూర్చుంది.

"కోపం చేసుకోబాక. ఏడాదికోసారి వచ్చేదాన్ని ఏమంటారక్కా? తద్దినం అంటారు. అది మా ఆయన పెడతానే ఉండాడు గదా. ఇంకోటి ఎందుకు?"

హైమవతి చాలాసేపు బియ్యంలో రాళ్ళు వెతికింది. ఆ బియ్యంలో రాళ్ళు లేవు.

"యాడ ఆపాల?" అని అడిగింది చివరికి.

అదంత సులువుగా లేదు. వెంకటసుబ్బారావు పాస్‌వర్డ్ ఎవరికీ తెలియదు. పెళ్ళి తేదీ వేసి చూశారు, కొట్టు నంబరు వేసి చూశారు. మూడోసారి పొన్నమ్మ మాట మీద 'మురుగన్' అని కూడా వేసి చూశారు. ఫోను ఇక ఇరవై నాలుగు గంటలు అడగవద్దంది. మర్నాడు రంజిత వెతికి వెతికి, ఎక్కడో అడుగున చీమ తలకాయంత అక్షరాల్లో ఒక నంబరు పట్టుకుంది. ఆయన ఫోను నుంచే చేయాలట. సాయంత్రం ముగ్గురూ ముట్రంలో కూర్చుని చేశారు. ఫోను తులసికోట గట్టు మీద పెట్టి, చప్పుడు పెద్దది చేశారు.

"జడివానకు స్వాగతం" అంది ఒక ఆడగొంతు, తెలుగులో, చాలా తీయగా. "మమ్మల్ని వదిలి వెళ్ళాలనుకుంటున్నారా? మీ కోసం మూడు నెలలు సగం ధరకే ఇస్తున్నాం."

"సగం ధరంటే అర కొడమేనా?" అంది పొన్నమ్మ.

"ష్, అది మనిషి కాదు, మిషను" అంది రంజిత.

"చందా ఆపాలంటే 'ఆపండి' అనండి. కొనసాగించాలంటే 'సరే' అనండి. మీరేమీ మాట్లాడకపోతే 'సరే' అన్నట్టుగా తీసుకుంటాం."

హైమవతి నోరు తెరిచింది. ఎవరిని ఆపమనాలి? వాననా, ఆ గొంతు సవరింపునా? చిత్తిరి ఎండలో చెప్పులేసుకుని నిలబడ్డ ఆ మనిషినా?

"మీ మాట వినబడలేదు. మరొక్క అవకాశం."

"అక్కా, 'ఆపండి' అను. ఒక్క మాట. లేకపోతే వాళ్ళు సరే అని రాసుకుంటారు."

"నేను ఆ రోజు పొండి అన్నాను రంజితా" అంది హైమవతి. "చేతిలో పిండి ఉన్నింది. తల ఎత్తకుండా పొండి, పొండి అన్నాను. రండి అనలేదు. మళ్ళీ ఇప్పుడు ఇదే నోటితో ఆపండి అనమంటావా?"

పొన్నమ్మ పూలమాలను ఒళ్ళో పెట్టుకుని కదలకుండా కూర్చుంది.

"ఐదు లెక్కపెట్టేలోగా చెప్పండి" అంది ఫోను. "ఒకటి. రెండు. మూడు."

హైమవతి లేచి నిలబడింది. కొంగు భుజం మీదికి సర్దుకుంది. ఫోను వైపు కాదు, దాని పక్కన ఖాళీగా ఉన్న చోటు వైపు తిరిగింది. రెండేళ్ళుగా గొంతులో పెట్టుకున్న మాటను నెమ్మదిగా, ప్రతి అక్షరమూ వినబడేటట్టు అంది.

"పొయ్యిరండి."

ఫోను లెక్కపెట్టడం ఆపింది. లోపల ఏదో వెతుక్కుంటున్నట్టు చాలాసేపు ఊరుకుంది. తర్వాత అదే తీయని గొంతు, "మీ మాట నమోదైంది. ధన్యవాదాలు" అని పెట్టేసింది.

"ఏమని రాసుకున్నట్టు?" అని రంజిత అడుగుతుండగానే ఫోను టింగుమంది. ఆమె రెండుసార్లు చదివింది. "చందా రద్దయింది. ఇకపై మీ ఖాతా నుంచి ఏమీ కోయబడదు."

"పరవాల్లేదే" అంది పొన్నమ్మ ముక్కు చీదుకుంటూ. "మిషనైనా మరియాద తెలిసిందే."

వస్తున్నానని వరదరాజులు గారికి జవాబు రాసి, జూన్ తొమ్మిదిన హైమవతి పొద్దుటి బండికి నెల్లూరు బయలుదేరింది. గడప దగ్గర "పొయ్యొస్తా" అంది. రంజిత, నిరంజన్, పొన్నమ్మ ముగ్గురూ ఒక్కసారే "పొయ్యిరా" అన్నారు. ఒక మాట మాత్రం ఆమె ఎవరికీ చెప్పలేదు. చేతిసంచిలో, ఆయన ఫోను పక్కన, సాయంత్రం తిరుగు బండికి టికెట్టు ఉంది.

హాస్టలు ఊరి చివర పాత కట్టడం. పిల్లలుండే వైపు మిద్దె, ఆఫీసు గది మాత్రం పెంకులది. వరదరాజులు గారు అన్నీ తిప్పి చూపించారు. పిల్లలు ఆమె వెనకే గుంపుగా తిరిగి, కొత్త మేడమ్ సాంబారు చేస్తుందా, టీవీ పెట్టనిస్తుందా అని గుసగుసలాడారు. ఆమెకు అన్నీ నచ్చాయి. నచ్చుతున్న కొద్దీ లోపల ఏదో వెనక్కి లాగింది. మూడు ముప్పావుకు ఆఫీసులో కూర్చున్నారు. వరదరాజులు గారు రిజిస్టరు తెరిచి, పెన్ను మూత తీసి ఇచ్చారు.

"ఈడ సంతకం పెట్టమ్మా."

గోడ గడియారం నాలుగు కొట్టింది. చేతిసంచిలో ఆయన ఫోను మోగలేదు. హైమవతి పెన్ను పట్టుకుని వింటూ కూర్చుంది. ఫోను మోగకపోవడం కూడా ఒక చప్పుడేనని ఆమెకు అప్పుడే తెలిసింది. కాసేపటికి ఆమె సొంత ఫోను మోగింది. రంజిత.

"అక్కా, ముట్రంలో చుక్క పడలేదు. పొన్నమ్మ అలవాటుకొద్దీ బిందెలు పెట్టింది. ఊరికే ఉండాయి." కాస్త ఆగింది. "నువ్వు బాగుండావా?"

"బాగుండా మే. మళ్ళీ చేస్తా."

ఆమె పెన్నును రిజిస్టరు మడతలో పెట్టింది. చేతిసంచి ఒళ్ళోకి తీసుకుంది. ఖాళీ బిందెలు కళ్ళముందు కదిలాయి. ఒక్కసారి పోయి ఆ ముట్రాన్ని చూసుకోకుండా ఉండలేననిపించింది.

"చిన్నాయనా, ఏమీ అనుకోబాకండి. నేను సాయంత్రం బండికే..."

నెత్తిన పెంకు మీద టప్పుమని ఒక చుక్క పడింది. తర్వాత రెండు. తర్వాత లెక్క లేదు. కిటికీలోంచి చూస్తే ఎదురుగా రోడ్డు మీద ఎండ తెల్లగా కాస్తూనే ఉంది, ఐసు బండివాడు గొడుగు లేకుండా పోతున్నాడు. వరండాలో పిల్లలు ఒకళ్ళనొకళ్ళు పిలుచుకుంటూ దండెం మీది గుడ్డలు లాగుతున్నారు. వరదరాజులు గారు లేచి జల్లు పడకుండా కిటికీ రెక్క ఒకటి మూశారు.

తలుపు పక్కన, చెప్పులు విడిచే చోట, ఎవరో గొంతు సవరించుకున్నారు.

హైమవతి అటు తిరిగింది. చాలా రోజుల తర్వాత ఆమె ముఖం, కొట్టు మూసి ఇంటికి వచ్చిన మనిషికి మంచినీళ్ళు అందించే మనిషి ముఖంలా అయింది.

"వచ్చినారా" అంది.

పక్క కుర్చీ మీదున్న తన బట్టల పెట్టె తీసి కింద పెట్టింది, ఎవరైనా కూర్చోవాలంటే కూర్చునేటట్టు. వరదరాజులు గారు రిజిస్టరును జల్లుకు దూరంగా జరుపుతూ, "తొందరగా పెట్టమ్మా, సిరా అలుక్కుపోతుంది" అన్నారు. ఆమె పెన్ను తీసుకుని, హైమవతి అని, ఇంటిపేరుతో సహా, గుండ్రంగా రాసింది.

గడియారం నాలుగుంపావు దాటింది. నాలుగున్నర దాటింది. వాన ఇంకా పడుతూనే ఉంది.