నలభై మూడున్నర అడుగుల నీడ

నరసింగరావు పార్వతీపురం బండి దింపి, డిపోలో సంతకం పెట్టి, గజపతినగరంలో ఇల్లు చేరేసరికి రోజూ మూడున్నర అవుతుంది. దారిలో బస్టాండు దగ్గర ఇడ్లీ పార్సిలు కట్టించుకుంటాడు. అదే రాత్రి భోజనం. ఇంటికొచ్చి ఖాకీ చొక్కా విప్పి, వరండాలో మడతమంచం వాల్చుకుంటాడు. మూడు గదులూ వంటిల్లూ ఉన్న ఇంట్లో అతను వాడేది ఆ వరండా ఒక్కటే. ఆదివారం నాడు గదుల తాళాలు తీసి, తుడిచి, మళ్ళీ తాళాలు వేస్తాడు. భార్య రాజకుమారి పోయి ఏడాదిన్నర అయింది. పిల్లల్లేరు. బస్సులో రోజుకి మూడు వందల మంది ఎక్కి దిగుతారు గానీ, డ్రైవరుతో మాట్లాడరాదని అద్దం పైన రాసే ఉంటుంది.

ఏడాదికి ఒక్కసారి మాత్రం, గృహప్రవేశం జరిగిన తేదీన, అతను మంచం వాల్చకుండా టేపు పట్టుకుని ఇంటి తూర్పు గోడ దగ్గరికి వెళతాడు. సరిగ్గా నాలుగు గంటలకి ఇంటి నీడ కొలుస్తాడు.

అప్పు చేసి కొన్న ఇంటికి నీడ పెద్దగా పడుతుందన్నది ఆ వీధిలో అందరికీ తెలిసిన సంగతే. రొక్కం పెట్టి కట్టుకున్న ఇంటి నీడ ఇల్లంతే ఉంటుంది, మిట్టమధ్యాహ్నానికి గోడ కిందికి దూరిపోతుంది. బ్యాంకు లోను ఇంటి నీడ అలా దూరదు. ఇంకా కట్టవలసింది ఎంతుందో అంత మేరా పరుచుకుని ఉంటుంది. నరసింగరావుది ఒంటి అంతస్తు డాబా. నీడకి మాత్రం పైన మేడ ఉంది, మేడ కిటికీలున్నాయి. పొద్దుటిపూట నీడ రోడ్డు మీద పడేటప్పుడు ఆటోవాళ్ళు అందులో బళ్ళు పెట్టుకుని, ఇంకో నాలుగు లోన్లు వస్తే వీధంతా చల్లబడుతుందని నవ్వుకునేవారు.

లోను మంజూరు కాగానే, నీడ ఎవరి పెరట్లో పడుతుందో వాళ్ళకి తాంబూలం పెట్టి చెప్పుకోవడం ఆ చుట్టుపక్కల మర్యాద. మూడేళ్ళ కిందట రాజకుమారి అరటిపళ్ళు, రవికలగుడ్డ పళ్ళెంలో పెట్టుకుని తూర్పున గోడ అవతల ఉన్న దాలమ్మ ఇంటికి వెళ్ళింది. దాలమ్మ మామిడి తాండ్ర వేస్తుంది. కోలంగోవ పళ్ళ రసం పంచదార కలిపి, ఈత చాపల మీద పల్చగా పరిచి, ఎండబెట్టి, ఎండిన పొర మీద మర్నాడు ఇంకో పొర పోసి, అలా నెల రోజులు పోస్తే గాని తాండ్ర దళసరి కాదు. ఆమెకి కావలసిందల్లా మధ్యాహ్నం నుంచి కాసే గట్టి ఎండ. పెరడు యాభై అడుగుల పొడవుంది.

"ఇచ్చినావు, తీసుకున్నాను. మీరు కట్టుకుంటా పోతే అదే ఎనక్కి పోతాది. అందాకా ఆ కొసన ఏసుకుంటాన్లే," అంది దాలమ్మ.

రాజకుమారి గోడ మీంచి ఆ నీడని చూసి మొగుడితో అంది: "మేడ నీడకున్నాది గానీ మనకి లేదు, సూడు. పైన ఒక్క గది ఏసుకుంటే రాయగడ రైళ్ళు కనిపిస్తాయి."

గది వేసుకునే లోపలే, రెండో ఏడు తిరక్కుండా, మూడు రోజుల జ్వరంతో ఆమె పోయింది. ఆమె పేరు మీదున్న పాలసీ తాలూకు నాలుగు లక్షలు వచ్చాయి. ఆ సొమ్ము మేడ గదికి తప్ప ముట్టనని నరసింగరావు ఒట్టు పెట్టుకుని, డిపాజిట్టు చేసి, కాగితం బీరువాలో దాచాడు. ఇంకో ఐదు లక్షలు బ్యాంకు పాత లోను మీదే ఇస్తానంది. దరఖాస్తు నింపడమూ అయింది. సంతకం ఒక్కటే మిగిలింది.

మొదటిసారి కొలిచినప్పుడు నీడ ముప్ఫై మూడున్నర అడుగులు. మరుసటేడు ముప్ఫై రెండుకి కాస్త లోపు. ఆ పై ఏడు ముప్ఫై. కొలిచిన ప్రతిసారీ దాలమ్మ పెరట్లో నీడ చివర ఒక మేకు దిగగొట్టేవాడు. ఈసారి టేపు లాక్కుంటూ మేకులన్నీ దాటి వెళ్ళిపోయాడు. నీడ ఇంకా ఉంది. నలభై మూడున్నర దగ్గర ఆగింది.

దాలమ్మ పెరటి చివర, మిగిలిన ఆరడుగుల ఎండలో ఒక్క చాప పరుచుకుని కూర్చుని ఉంది.

"టేపు ఇప్పుడు తెచ్చినావేటి నరసింగా. నాను సంక్రాంతి ముందట నుంచీ కొలస్తన్నాను, కాళ్ళతోటి."

"నెల తప్పకుండా కడతన్నానప్పా. పదమూడు వేల తొమ్మిదొందల యాభై ఐదు. తెచ్చినకాడి నుంచి ఈయాల్టి దాకా ఒక్క రూపాయి పెరగలేదు. అందరికీ పెరిగింది, నాకు పెరగలేదు."

ఆ మాట అతను డిపోలో కూడా చాలాసార్లు అన్నాడు. అన్నప్పుడల్లా కొంచెం ఛాతీ పొంగేది.

"నీకు పెరగకపోతే నా పెరట్లోకి ఏటొచ్చినట్టు మరి? నీ అత్తగారా?" అని దాలమ్మ చాప మీద ఈగల్ని తోలింది. "రెండు చాపలు బూజెక్కిపోనాయి. పారేసినాను. గురువారం అమ్మడు వొస్తాది. అల్లుడిది భావనపాడు గదా, ఆళ్ళింటికి ఎళ్ళిపోతన్నాను. అక్కడ సేపలెండబెట్టే ఇసకుంది, తాండ్ర ఎండదేటి."

"చేపల పక్కన తాండ్రా?"

"ఎండ నీచూ తీపీ సూడదులే. ఈ ఇల్లు ఎవలకన్నా అద్దెకిస్తాను."

నరసింగరావు టేపు చుట్టుకున్నాడు. రాజకుమారి పోయిన తరవాత అతన్ని పేరు పెట్టి పిలిచే మనిషి ఆ వీధిలో దాలమ్మ ఒక్కతే. అక్కని పిలిచినట్టు అతను అప్పా అని పిలిచేదీ ఆమెనే. పొద్దున్నే గోడ మీంచి "నరసింగా, నీలొచ్చినాయి, కుళాయి ఇప్పు" అని ఒక కేక. అంతే. ఆ కేక కూడా గురువారంతో సరి.

మర్నాడు మధ్యాహ్నం డ్యూటీ దిగి తిన్నగా బ్యాంకుకి పోయాడు, దెబ్బలాడదామని. లోను సీట్లో ఝాన్సీ అని శ్రీకాకుళం అమ్మాయి ఉంది. అతను చెప్పిందంతా విని, కంప్యూటరులో నంబరు కొట్టింది.

"కిస్తీ పెరగలేదండి, నిజమే," అంది. "నెలలు పెరిగాయి."

"నెలలా?"

"మీరు తీసుకున్నప్పుడు వడ్డీ ఏడు. పోయినేడు దాదాపు తొమ్మిదయింది. కిస్తీ ఎంతో అంతే ఉంచి, కట్టే కాలం పొడిగించారు. మీ ఫోనుకి మెసేజ్ వచ్చి ఉంటుంది."

వచ్చే ఉంటుంది. ఇంగ్లీషులో చాలా వస్తాయి. డబ్బు ఎంత కట్టయిందో ఆ అంకె ఒక్కటే చూసుకుని ఫోను జేబులో పెట్టేసేవాడు.

"ఎన్ని నెలలమ్మా ఇంక?"

"మూడు వందల పదమూడు. ఇరవై ఆరేళ్ళు."

నరసింగరావుకి నలభై నాలుగు. రిటైరవడానికి ముందే అప్పు తీరిపోవాలని లెక్క చూసుకునే ఇరవై ఏళ్ళకి పెట్టుకున్నాడు. ఇప్పుడది తీరేసరికి డెబ్భై ఏళ్ళొస్తాయి. ఆ వయసులో తనకి బండి ఎవరిస్తారు, జీతం ఎవరిస్తారు?

"పోయినేడు లక్షా అరవై ఏడు వేలు కట్టాను గదమ్మా. అదేమయింది?"

ఝాన్సీ స్క్రీను అతని వైపు తిప్పింది. "లక్షా యాభై వేల పైచిలుకు వడ్డీకి పోయింది. అసలులో జమైంది పదిహేను వేల చిల్లర. మీరు తీసుకున్నది పద్దెనిమిది లక్షలు. ఇలాగే కట్టుకుంటూ పోతే మొత్తం కట్టేది నలభై ఎనిమిది లక్షల డెబ్భై వేలు. ఇంకా కట్టవలసింది నలభై మూడున్నర పైన."

నరసింగరావు జేబులోని టేపు మీద చెయ్యి వేశాడు. అడుగుకి లక్ష. నీడ మూడేళ్ళుగా చెబుతూనే ఉంది. తను మేకులు కొట్టాడు తప్ప అడగలేదు.

అతనికి బస్సు లెక్కలో అయితే తొందరగా అర్థమవుతుంది. స్పీడు ముల్లు నలభై మీద నిలబడి ఉంది, బాగానే పోతున్నామనుకున్నాడు. ఈలోగా పార్వతీపురాన్ని ఎవరో ఇంకో వంద కిలోమీటర్లు అవతల పెట్టారు.

"నీకూ లోనుందా తల్లీ?"

"అరసవల్లిలో ఫ్లాటండి. మా నీడ లాడ్జీల మీద పడుతుంది. రూములు చల్లగా ఉంటాయని వాళ్ళు పండగలకి స్వీట్లు పంపుతారు." ఆ పిల్ల నవ్వింది గానీ నవ్వు ఎంతోసేపు నిలవలేదు. మేడకి పెట్టుకున్న దరఖాస్తు తీసి బల్ల మీద పెట్టింది. "ఇది సంతకం చేస్తారా మరి?"

"ఇది కాదు. ఒకవేళ నాలుగు లక్షలు ఒక్కసారే కట్టేస్తే?"

ఝాన్సీ మీటలు నొక్కింది. ఇంకోసారి నొక్కి చూసుకుంది.

"జరిమానా ఏమీ ఉండదండి. కిస్తీ ఇంతే ఉంచితే ఇరవై ఆరేళ్ళు పదమూడేళ్ళవుతుంది. నాలుగు లక్షలకి ఇరవై ఒక్క లక్షల కిస్తీలు పోతాయి."

"నాలుగు ఇస్తే ఇరవై ఒకటా?"

"మొదట్లో కడితే అంతేనండి. చివర్లో కడితే ఏమీ రాదు."

అతను దరఖాస్తు మడిచి జేబులో పెట్టుకుని, సంతకం చెయ్యకుండా, ఏ సంగతీ చెప్పకుండా వచ్చేశాడు. ఆ నాలుగు లక్షలు తనవి కావు. రాజకుమారివి. ఒట్టంటే ఒట్టే. డిపోలో అతన్ని మొండి నరసింగం అనడం ఊరికే కాదు.

రెండు రోజులు సెలవు పెట్టి, బుధవారం ఇంట్లోనే ఉన్నాడు. గోడ అవతల దాలమ్మ చాపలు చుట్టి తాళ్ళతో కడుతున్న చప్పుడు వినిపిస్తూనే ఉంది. ఆమె ఒక్కసారీ పిలవలేదు. నాలుగు గంటలకి అతను నిచ్చెన వేసుకుని డాబా ఎక్కాడు. మేడ గది కోసం వదిలిన ఇనప చువ్వలు తుప్పు పట్టి ఉన్నాయి. పిట్టగోడ దగ్గర నిలబడి తూర్పుకి చూశాడు.

కింద పెరడంతా ఇల్లు పడుకుని ఉంది. డాబా, దాని పైన మేడ, మేడ పైన ఇంకో అర అంతస్తు. మేడకి రెండు కిటికీలు, తలుపు, రాజకుమారి అడిగినట్టే. ఆ మేడ మూడేళ్ళ కిందటే కట్టేశారన్నమాట. దాని సొమ్మే తను నెలనెలా కడుతున్నాడు. దాంట్లోకి ఎక్కడానికి మెట్లు లేవు, అంతే తేడా. తన నీడ ఎక్కడుందా అని వెతికాడు. చాలాసేపటికి కనిపించింది. పై కొసన ఉండాలి గానీ, అడుగు అంతస్తులో, వరండా ఉండే చోట, మూలకి వేలెడంత. చెయ్యి ఎత్తాడు. కింద ఆ వేలెడు మనిషీ ఎత్తాడు. అంత పెద్ద ఇంట్లో ఇంకెవరూ లేరు.

ఈ మేడ మీద ఇంకో మేడ కడితే ఆ ఆరడుగుల ఎండ కూడా పోతుంది. అప్పుడు రైలు చూడ్డానికి తనొక్కడే ఉంటాడు, పక్క పెరట్లో అద్దెకొచ్చిన వాళ్ళెవరో. రాజకుమారి ఉంటే ఏమనేదో అతనికి తెలుసు. ఆ పళ్ళెం పట్టుకుని దాలమ్మ గుమ్మం తొక్కింది ఆవిడే. కట్టుకుంటూ పోతే వెనక్కి పోతుందన్న మాట మీద తాంబూలం ఇచ్చొచ్చింది ఆవిడే. తను పెట్టుకున్నది మేడ ఒట్టు. ఆవిడ ఇచ్చొచ్చింది అంతకన్నా ముందు మాట.

గురువారం బ్యాంకు తలుపు తీసేసరికి గుమ్మంలో ఉన్నాడు. డిపాజిట్టు కాగితం ఝాన్సీ ముందు పెట్టాడు.

"గడువుకి ముందే తీసేస్తే కాస్త వడ్డీ తగ్గుతుందండి."

"తగ్గనీ."

"కిస్తీ తగ్గించమంటారా, ఏళ్ళు తగ్గించమంటారా? చాలామంది కిస్తీ తగ్గించమంటారు, నెల ఖర్చుకి వెసులుబాటని."

"ఏళ్ళు," అన్నాడు. "కిస్తీని ముట్టుకోకు. దాని మొహం చూసే మోసపోయాను."

నాలుగు చోట్ల సంతకాలు చేశాడు. మేడ దరఖాస్తు చింపమంటే, ఆ పిల్ల దాన్ని నిలువునా చింపి బుట్టలో వేసింది. అతను బయటికొచ్చి, హోటల్లో టీ తాగి, నడిచే ఇంటికి వచ్చాడు. అప్పటికి ఒంటిగంట దాటింది.

దాలమ్మ ఇంటి ముందు ఆటో ఆగి ఉంది. వెనక సీట్లో ట్రంకు పెట్టె, చాపల కట్ట. కూతురు అమ్మడు ఆటో పక్కన నిలబడి తల్లిని కేకేస్తోంది. ఆటోవాడు హారన్ కొడుతున్నాడు. దాలమ్మ రావడం లేదు. నరసింగరావు గోడ దగ్గరికి వెళ్ళి చూశాడు.

నీడ వెనక్కి వచ్చేసింది. నడినెత్తి దాటిన ఎండ పెరట్లో సగానికి పైగా తెల్లగా కాస్తోంది. మూడేళ్ళుగా మధ్యాహ్నపు ఎండ మొహం ఎరగని నేల ఆవిర్లు కక్కుతోంది. దాలమ్మ ఆ నేల మీద చెప్పుల్లేకుండా నిలబడి, ఒక కాలు మార్చి ఒక కాలు వేస్తోంది.

"ఓలమ్మా, రావేటి? టెక్కలి దాటేసరికి పొద్దు పోతాది," అని అమ్మడు పెరట్లోకి వచ్చింది.

"ఆ సాపల కట్ట దింపించు."

"ఏటీ?"

"దింపించు. వంటింట్లో రెండు గంపల పళ్ళున్నాయి, మురిగిపోతాయి. నెల రోజులు కదల్ను. తరవాత సూద్దుము."

అమ్మడు తల్లినీ, గోడ మీద ఆనుకున్న నరసింగరావునీ, నేల మీద ఎండనీ వరసగా చూసి, ఆటోవాడితో బేరం తిరగేసుకోవడానికి వెళ్ళింది.

దాలమ్మ అటు తిరగకుండానే అడిగింది: "ఇంకా ఎన్నాళ్ళు నరసింగా?"

"పదమూడేళ్ళప్పా."

"అప్పటికి నాకు డెబ్భై నాలుగొస్తాయి." ఆమె వేళ్ళ మీద ఏదో లెక్క వేసుకుంది. "సర్లే. గోడ మీద ఏలాడకు, కోతిలాగ. గేటులోంచి రా. సాప ఒక్కదాన్నీ పరవలేను."

నరసింగరావు గేటు చుట్టూ తిరిగి వచ్చాడు. కొత్తగా వచ్చిన ఎండలో ఇద్దరూ చెరో కొసా పట్టుకుని చాప విదిలించారు. పాత తాండ్ర పొట్టు ఎగిరి అతని మొహం మీద పడింది. తుడుచుకోవడానికి చెయ్యి వదిలితే, దాలమ్మ కసిరింది, గట్టిగా పట్టుకోమని.