పదహారు పైసలు

నీలిమందు రాసిన దారం ఒక కొసను వీరబాబు చేతికిచ్చి, రెండో కొసను ఎడమ బొటనవేలి కింద అదిమిపెట్టి, ఇన్నయ్య దారాన్ని లాగి వదిలాడు. కొత్తగా సున్నం వేసిన గోడ మీద సన్నటి నీలం గీత పడింది. దానికి మూడంగుళాల కింద ఇంకో గీత వేశాడు. వీధిలో పోయేవాళ్ళు సైకిలు దిగకుండా చదువుకోవాలంటే అక్షరం ఆ మాత్రం ఎత్తుండాలి.

"బాబాయిగారండి, కొంచెం చిన్నగా రాయకూడదాండి? వెనక గోడ మీదైతే మరీ మంచిదండి," అన్నాడు వీరబాబు. అతను ఐసు ఫ్యాక్టరీలో పనిచేస్తాడు. అడవిపొలం ఊళ్ళో ఈ రెండు గదుల ఇల్లు కట్టుకుని ఇంకా నెల కాలేదు.

"పదిహేనేళ్ళ కిందట నేనూ అదే అడిగానయ్యా. వీధి వైపే ఉండాలంట. మూడంగుళాలు తగ్గకూడదంట. ఫోటో తీసి పంపితేనే గాని నాకు డబ్బులివ్వరు."

ఇన్నయ్య చెయ్యి ఆనించే కర్రను గోడకు ఏటవాలుగా పెట్టి, దాని మీద కుడి మణికట్టు ఆనించాడు. ఏడాదిగా ఆ చెయ్యి వణుకుతోంది. కర్ర ఉంటే ఆ సంగతి చూసేవాళ్ళకు తెలియదు. ఎర్ర ఎనామిల్‌లో కుంచె ముంచి, డబ్బా అంచుకు రెండువైపులా తుడిచి, మొదటి అక్షరం ఒంపు తిప్పాడు. ముందు అక్షరాల ఒళ్ళన్నీ రాసుకుని చివర్లో తలకట్లు పెట్టడం ఆయన అలవాటు. 'ఈ ఇల్లు మా కంపెనీకి తనఖాలో ఉన్నది' అని, మధ్యలో ఇంటికి అప్పిచ్చిన కంపెనీ పేరుతో సహా, గంటన్నరలో గోడెక్కింది.

ఒకప్పుడు యానాంలో ఇన్నయ్య చెయ్యి పడని బోర్డు లేదు. గోదావరి మీద తిరిగే పడవల పేర్లు, ఆటోల వెనక రాతలు, బట్టల కొట్లు, బడి నల్లబల్లలు, అన్నీ ఆయనవే. ఫ్రెంచి ముక్క రాకపోయినా వీధి బోర్డుల మీద ఫ్రెంచి అక్షరాలు ఒక్క పొల్లు పోకుండా దించేవాడు. ఫ్లెక్సీలొచ్చి ఆ పనంతా ఊడ్చుకుపోయాయి. మిగిలినవి అప్పుడో పడవ, ఇప్పుడో గేటు, ఇళ్ళకు అప్పులిచ్చే ఈ కంపెనీ వారి తనఖా రాత. ఇంటికి రెండువందలిస్తారు. అసలు విడ్డూరమేమిటంటే, ఫరంపేటలో తన సొంత ఇంటి గోడ మీద కూడా ఆ రాత ఆయనే రాసుకున్నాడు. అప్పట్లో కూలి అరవై రూపాయలు. సిగ్గుపడకుండా అదీ తీసుకున్నాడు. అధ్వానంగా రాద్దామనుకున్నాడు గాని ఆ పని చేతకాలేదు. పదిహేను వానాకాలాలు తడిసినా ఆ అక్షరాలు ఇప్పటికీ నిగనిగలాడుతూ ఉన్నాయి.

వీరబాబు భార్య దుర్గాశ్రీ గ్లాసుతో మజ్జిగ తెచ్చింది. గోడ వంక ఒకసారి చూసి కళ్ళు తిప్పేసుకుంది.

"ఇది ఎప్పటికి తుడిచేసుకోవచ్చండి, బాబాయిగారు?"

"అప్పు తీరిన రోజునమ్మా. నాది ఇవాళ్టితో ఆఖరు. నూట ఎనభయ్యో కిస్తీ." ఇన్నయ్య జేబులోంచి మడతపెట్టిన నోట్లు కొంచెం పైకి లాగి చూపించాడు. "మధ్యాన్నం ఇది కట్టేసి, కాగితాలు పుచ్చుకుని, సాయంత్రం నా చేత్తో నేనే సున్నం కొట్టేస్తాను. మా ఆవిడ బకెట్లో నానబెట్టి కూర్చుంది."

ఆ గోడ తుడవడం ఒక్కటే ఆయన ఈ పదిహేనేళ్ళుగా కోరుకున్నది. చెయ్యి పూర్తిగా పడిపోకముందే, ఎవరి సాయమూ లేకుండా తుడవాలి. రంగు ఆరాక వచ్చి ఫోటో తీసుకుంటానని చెప్పి సైకిలెక్కాడు.

కంపెనీ ఆఫీసులో ఏసీ గదిలో సుదీప్ అనే కుర్ర మేనేజరు ఉంటాడు. మంచివాడు. ఇన్నయ్య వస్తే లేచి కుర్చీ చూపిస్తాడు. కిస్తీ డబ్బులు, ఏడువేల రెండువందల ఒక రూపాయి, లెక్కపెట్టుకుని రసీదిచ్చాడు.

"ఇంటి దస్తావేజులు ఇవాళే ఇచ్చేస్తారా బాబు, మళ్ళీ రావాలా?"

సుదీప్ కంప్యూటరు వంక చూశాడు. చూసి, ఇంకోసారి చూశాడు. "ఇన్నయ్యగారూ, మీకింకా అరవై ఒక్క ఈఎంఐలు ఉన్నాయండి."

ఇన్నయ్య నవ్వాడు. సంచిలోంచి రసీదుల కట్ట తీసి బల్ల మీద పెట్టాడు. "నూట ఎనభై. లెక్క పెట్టుకోండి బాబు."

"కట్టినవి నూట ఎనభయ్యేనండి. కానీ మీరు అప్పు తీసుకున్నప్పుడు వడ్డీ పన్నెండు పర్సెంటు. రెండేళ్ళకి పద్నాలుగైంది. ఈఎంఐ పెంచితే మీకు కష్టమని కంపెనీ దాన్ని కదపకుండా నెలలు పెంచిందండి. అప్పుడు లెటరు కూడా పంపించారు."

లెటరు ఇన్నయ్యకు బాగా గుర్తుంది. ఇంగ్లీషులో ఉంటే పక్కింటి ట్యూషను మాస్టారి చేత చదివించాడు. ఆయన మొదటి వాక్యం దగ్గరే ఆగిపోయాడు. మీ నెలవారీ కిస్తీలో ఏ మార్పూ లేదు అని ఉందందులో. వడ్డీలు పెరిగాయని ఊరంతా గగ్గోలు పెడుతుంటే మన కిస్తీ మాత్రం పెరగలేదని ఆ ఆదివారం పండుగొప్ప చేప తెచ్చుకుని, పులుసు పెట్టుకుని, పక్కింటికి కూడా పంపించారు.

పన్నెండు పర్సెంటంటే రూపాయి వడ్డీ. పద్నాలుగంటే వందకు నెలకు ఇంకో పదహారు పైసలు. అంగడిలో ఎవరూ పుచ్చుకోని చిల్లర.

"పదహారు పైసలకి అయిదేళ్ళా బాబు?"

సుదీప్ తెర ఇటు తిప్పాడు. "చూడండి. ఇరవై నాలుగు నెలలు కట్టాక కూడా మీకు అయిదు లక్షల అరవై ఏడు వేలు బాకీ ఉంది. ముందు మొత్తం బాకీ మీద వడ్డీ లాగుతుందండి, మిగిలిందే అసల్లోకి పోతుంది. రూపాయి వడ్డీ మీద మీ ఏడువేల రెండువందల్లో అసల్లోకి పదిహేను వందలు పోయేది. ఆ పదహారు పైసలు కలిశాక అయిదువందల డెబ్బై తొమ్మిది."

"మిగతాది?"

"వడ్డీ అండి."

ఇన్నయ్య ఆ అంకె వంక చాలాసేపు చూశాడు. ఎండలో నిచ్చెనెక్కి రాసిన బోర్డులన్నీ, భార్య తెరేసా పదిహేనేళ్ళు కాన్వెంటు వంటింట్లో కడిగిన డేగిసాలన్నీ వెళ్ళి ఏ గడిలో పడ్డాయో ఇప్పుడు కనిపించింది. తనకు కోపం వస్తోందని తెలుసుకున్నాడు. ఆ కోపం ఈ కుర్రాడి మీద కాదు, ఆ లెటరులోని మొదటి వాక్యం మీద.

"ఆరు లక్షలు తీసుకున్నాను. పన్నెండు లక్షల తొంభై ఆరు వేలు కట్టాను. ఇవి కూడా కడితే ఎంతవుతుంది?"

"పదిహేడు లక్షల ముప్పై అయిదు వేలండి."

"కాగితం మీద తీసివ్వండి బాబు. తెలుగులో."

"తెలుగులో రాదండి."

"అయితే అంకెలివ్వండి. తెలుగు నేను రాసుకుంటాను."

బయటికొచ్చాక ఫరంపేట వైపు మళ్ళాల్సిన సైకిలు అడవిపొలం వైపు మళ్ళింది. వీరబాబు డ్యూటీకి పోయాడు. దుర్గాశ్రీ బట్టలు ఆరేస్తోంది.

"నీ అప్పు కాగితాలు తేమ్మా," అన్నాడు. జరిగింది చెప్పాడు. ఎక్కడా దాచుకోలేదు, నేను మోసపోయానని కూడా చెప్పాడు. దుర్గాశ్రీ కాగితాలు తెచ్చి అరుగు మీద పరిచింది. పది లక్షలు, రూపాయి వడ్డీ, రెండువందల నలభై నెలలు, నెలకు పదకొండు వేల పదకొండు. ఫోనులో హెచ్చవేసి చూసింది. ఇంకోసారి వేసింది.

"ఇరవై ఆరు లక్షల నలభై రెండు వేలాండి, బాబాయిగారు?"

"వడ్డీ పెరక్కపోతే."

ఆమె ఫోను పక్కన పెట్టింది. తర్వాత గోడ వంక చూసి, "ఆ రాత వాళ్ళ కోసం కదండి. మరి మాకో?" అంది.

ఇన్నయ్యకు కావలసిన మాట అదే. మళ్ళీ దారం పట్టించి, ఎర్ర రాత కింద ఇంకో రెండు నీలం గీతలు కొట్టాడు. నల్ల రంగు తీశాడు. 'తీసుకున్నది పది లక్షలు. కట్టవలసినది ఇరవై ఆరు లక్షల నలభై రెండు వేలు. వడ్డీ పెంచితే ముందు మాతో చెప్పండి. నెలలు పెంచకండి.' అక్షరాలు పై వాటికి వెంట్రుకవాసి తగ్గకుండా రాశాడు. ఈసారి కర్ర వాడడం మరిచిపోయాడు, చెయ్యి కూడా వణకలేదు. గోడ మొత్తం వచ్చేలా ఫోటో తీసి ఆఫీసుకు పంపించాడు.

వంతెన దిగుతుండగా ఫోను మోగింది. సుదీప్.

"ఇన్నయ్యగారూ, ఏంటండీ ఇది? కిందది తుడిచేయండి."

"పైన మీరు రాయమన్నదే రాశాను బాబు. కింద రాసిందీ మీ కాగితంలోదే. అందులో అబద్ధమేదో చెప్పండి, ఇప్పుడే వెనక్కెళ్ళి తుడిచేస్తాను."

"పైనుంచి మాటొస్తుందండి. ఇకమీదట మీకు పనివ్వొద్దంటారు."

"ఆయ్, వద్దనండి," అని ఇన్నయ్య ఫోను పెట్టేశాడు. నెలకు వెయ్యో, పదిహేను వందలో పోయింది. పోనీ అనుకున్నాడు. అలా అనుకోగలిగినందుకు తనకే ఆశ్చర్యమేసింది.

ఇంటికొచ్చేసరికి తెరేసా సున్నం బకెట్టు గోడ పక్కన పెట్టుకుని, పీట మీద కూర్చుని ఉంది. పెళ్ళినాడు కూడా ఆమె అంత ఒద్దికగా కూర్చోలేదు. ఇన్నయ్య సైకిలుకు స్టాండు వేసి, అంకెల కాగితం చేతిలో పెట్టి, మొదటినుంచి చివరిదాకా చెప్పాడు. పండుగొప్ప సంగతి కూడా చెప్పాడు.

ఆమె కాగితం మడిచి బొడ్లో దోపుకుంది.

"ఆ పులుసు నేనే పెట్టాను కదండీ," అంది. తర్వాత లేచింది. "సున్నం మిగతా గోడకి వేద్దాం. ఆ రాత మాత్రం అలాగే ఉండనివ్వండి. దాని కింద మనదీ రాయండి. చూసేవాళ్ళు రెండూ చూస్తారు."

పొద్దు వాలేలోగా రాశాడు. 'తీసుకున్నది ఆరు లక్షలు. కట్టినది పన్నెండు లక్షల తొంభై ఆరు వేలు. ఇంకా' అని ఆగాడు. ఆ అంకె నెలనెలా మారుతుంది. నల్లబల్లలకు వేసే రంగు డబ్బా అడుగున కాస్త మిగిలి ఉంటే, 'ఇంకా', 'నెలలు' అనే మాటల మధ్య జానెడు పలక వేశాడు. మర్నాడు ఆరాక సుద్దతో అరవై ఒకటి అని అంకె వేశాడు. పక్కన మేకు కొట్టి, సుద్దముక్కకు దారం కట్టి తగిలించాడు. చర్చికి పోయేవాళ్ళు ఆగి చదివారు. కొందరు నవ్వారు. ఇద్దరు మాత్రం తమ ఇళ్ళకు రమ్మని పిలిచారు. ఎండాకాలం దాటేసరికి ఫరంపేటలో, అడవిపొలంలో కలిపి పదకొండు గోడల మీద ఆ నల్ల పలక ఉంది. ఇన్నయ్య ఒక్క ఇంట్లోనూ కూలి పుచ్చుకోలేదు, రంగు డబ్బులు మాత్రం తీసుకున్నాడు. కంపెనీ వారు తనఖా మాటను స్టిక్కర్ల మీద అచ్చు వేయించుకున్నారు. గోదావరి గాలికి ఆ స్టిక్కర్ల అంచులు నెల తిరక్కుండా లేచిపోయేవి.

నవంబరులో, పలక మీద యాభై మూడు వేసిన వారానికి, ఇన్నయ్య రేవులో ఒక పడవ మీద పేరు రాస్తున్నాడు. సగం రాసి, కాస్త నడుం ఆనిస్తానని పడవవాళ్ళతో చెప్పి, గట్టు మీద తాటాకుల నీడలో పడుకున్నాడు. మళ్ళీ లేవలేదు. కుంచె మాత్రం కడిగి, పక్కన గుడ్డ మీద పెట్టి ఉంది.

డిసెంబరులో తెరేసా ఒక్కతే ఆఫీసుకు వెళ్ళింది. అప్పు కాగితం మీద ఆమె సంతకమూ ఉంది. ఇన్నయ్య రంగుడబ్బాలు పెట్టుకునే గది ఖాళీ చేసి ఒక నర్సు పిల్లకు అద్దెకిచ్చింది. ఆ అద్దె కలిపి తొమ్మిది వేలు బల్ల మీద పెట్టింది.

"ఈ నెల నుంచి ఇంతే కడతాను బాబు. ఇలా కడితే ఎన్ని నెలలో చూసి చెప్పండి."

సుదీప్ అంకెలు కొట్టాడు. "యాభై మూడు ఉండాల్సింది నలభై అయ్యిందమ్మా. ఇవాళ్టిది పోగా ముప్పై తొమ్మిది." చెబుతూ అతనే కొంచెం నవ్వాడు. "పద్దెనిమిది వందలకి పదమూడు నెలలు తగ్గాయి."

"ఎక్కేటప్పుడు పదహారు పైసలకి అరవై ఒకటి ఎక్కాయి కదా. దిగేటప్పుడైనా దిగవా మరి?" అని రసీదు పుచ్చుకుని బయటికొచ్చింది.

ఇంటి ముందు చీర కొంగుతో యాభై మూడును తుడిచేసింది. ఆయన అంకెలు నిలువుగా ఉండేవి, ఆమెవి ఒక పక్కకి ఒరుగుతాయి. ముప్పై తొమ్మిది వేసి, రెండడుగులు వెనక్కి జరిగి, వీధిలోంచి కనిపిస్తోందో లేదో చూసుకుని లోపలికి పోయింది. మేకుకు కట్టిన దారం చివర, ఇన్నయ్య పట్టుకున్న తీరుకు ఒక పక్కకే అరిగిన సుద్దముక్క వేలాడుతోంది. ముప్పై తొమ్మిది నెలలకు అది సరిపోతుంది.