ఏ వెయిన్, సార్?

పర్చూరులో ఓ ప్రైవేటు జూనియర్ కాలేజీలో జువాలజీ చెప్పేవాణ్ణి. పొద్దుట్నుంచి సాయంత్రం దాకా బోర్డు ముందు నిలబడి, కప్ప గుండెకి గదులెన్నో అరిచి చెప్పే ఉద్యోగం. ఇంటికొచ్చేసరికి కాళ్ళు బరువెక్కేవి. వాటిని గోడకి ఆనించి పడుకుంటే తప్ప అన్నం సహించేది కాదు. అందుకే గుంటూరులో మెడికల్ కోడింగ్ నేర్పి ఉద్యోగం ఇస్తున్నారని తెలిసినప్పుడు, ఆ పనేమిటో పూర్తిగా అడక్కుండానే చేరిపోయాను. కుర్చీలో కూర్చుని చేసే పని అన్నారు. ఈ సాల్మన్ మాస్టారికి అంతకన్నా ఏం కావాలి?

పని ఇదీ. అమెరికాలో డాక్టరు రోగిని చూసి రాసిన కాగితాలు కంప్యూటర్లో మా దగ్గరికొస్తాయి. ప్రతి జబ్బుకీ ఒక అంకె ఉంటుంది. మేం చదివి ఆ అంకె వేస్తేనే అక్కడి ఇన్సూరెన్సు వాళ్ళు బిల్లు కడతారు. డాక్టరు జబ్బేమిటో తేల్చకుండా వదిలేస్తే దానికీ అంకె ఉంది. అలాంటి వాటికి చాలాసార్లు చివర తొమ్మిది వస్తుంది. సిరల్లో ఏదో తేడా, ఏమిటో తెలీదు అన్నా సరే, పెట్టడానికి ఓ చోటుంది.

ఆ తొమ్మిదంటే నాకు పడేది కాదు. రెండేళ్ళు తిరిగేసరికి నన్ను మిగతావాళ్ళ పని సరిచూసే కుర్చీలో కూర్చోబెట్టారు. పాఠం చెప్పే అలవాటు ఎక్కడికి పోతుంది? తొమ్మిది వేసినవాళ్ళని పిలిచి ఎదురుగా నిలబెట్టేవాణ్ణి.

“చూడమ్మా క్రిస్టీనా,” అన్నానొకరోజు, కొత్తగా చేరిన బాపట్ల అమ్మాయితో. “వెయిన్ డిజార్డర్ అని వేసి వదిలేశావు. ఏ వెయిన్? ఏ కాలు? పైదా, లోపలిదా?”

“డాక్టరు రాయలేదు సార్.”

“రాయకపోతే కాగితం మళ్ళీ మొదట్నుంచి చదవాలి. తొమ్మిది వేయటం అంటే, నేను సరిగా చూళ్ళేదని సంతకం పెట్టటం.”

ఆ మాట నాకెంత నచ్చిందంటే ఆ వారంలో ఇంకో నలుగురికి చెప్పాను.

2006 క్రిస్మస్ ముందు నా ఎడమ పిక్క పట్టేసినట్టు నొప్పి మొదలైంది. కొత్త సంవత్సరం వచ్చేసరికి వాచింది. ఎడమ కాలి చెప్పు వార్ల గుర్తులు సాయంత్రానికి చర్మం మీద అచ్చు పడేవి. నా భార్య సంతోషకుమారి మిషన్ స్కూల్లో టీచరు. ఓ రాత్రి అన్నం వడ్డిస్తూ నా కాలు చూసింది.

“నరం ఏమన్నా పట్టిందేమో. డాక్టరుకి చూపించండి.”

“నరం కాదు, సిర. నరం వేరు, సిర వేరు.”

“ఏదైతేనేం, చూపించండి.”

“రోజూ ఎన్ని కాళ్ళు చూస్తాననుకుంటున్నావు? దీనికి డాక్టరెందుకు?”

నిజానికి నేను ఒక్క కాలు కూడా చూళ్ళేదు. కాళ్ళ గురించి రాసిన కాగితాలు చూశాను. అయినా నా వైద్యం నేను మొదలెట్టాను. సోమవారం దానికి సిరలు ఉబ్బటం అని పేరు పెట్టాను. బుధవారం అది నచ్చక, సిరల్లో రక్తం నిలవటం అన్నాను. శనివారానికి సిర గోడకి వాపు అని తేల్చాను. వారంలో నా కాలికి మూడు జబ్బులొచ్చాయి, మందు మాత్రం ఒక్కటీ పడలేదు.

జనవరిలో ఆఫీసు వాళ్ళంతా కుటుంబాలతో వాడరేవు బీచికి వెళ్ళాం. అందరూ నీళ్ళలోకి దిగారు. నేనూ ప్యాంటు మోకాళ్ళ దాకా మడిచి దిగాను. అల వెనక్కి వెళ్ళాక చూస్తే, నా రెండు కాళ్ళూ ఒక మనిషివిలా లేవు. కుడిది మామూలుగా ఉంది. ఎడమది నున్నగా, ఎర్రగా, దానికి రెండింతలుంది.

“సార్, మీ కాలేంటి సార్ అలా ఉంది?” అంది క్రిస్టీనా.

చుట్టూ చేరారు. జనం చేరితే నాకు నోరు ఆగదు. “కంగారేం లేదమ్మా, ఇది వెయిన్ ప్రాబ్లం,” అని మొదలెట్టాను.

“ఏ వెయిన్ సార్?”

వెటకారమని ఇప్పటికీ అనుకోను. నేను నేర్పిన ప్రశ్నే అడిగింది పాపం. నోరు తెరిచాను. అంతలో ఇంకో అల వచ్చి పాదాల కింద ఇసుక లాక్కుపోయింది. తూలి పడబోతుంటే సంతోషకుమారి జబ్బ పట్టుకుంది.

“ఇక చాలు, పదండి,” అంది. అప్పుడే వేయించిన చేపలు పళ్ళేల్లో పెడుతున్నారు. వాటి వైపు చూశాను. ఆమె నా వైపు చూసింది. నోరు మూసుకుని కారెక్కాను.

సాయంత్రానికి గుంటూరులో డాక్టరు నసీమున్నీసా గారి దగ్గరున్నాం. ఆవిడ చీటీ మీద ఒక్క ముక్క రాసి స్కాన్‌కి పొమ్మన్నారు. బల్ల మీదుగా తొంగి చూశాను. ఎడమ కాలు వాపు, సిర సమస్య, పక్కన ప్రశ్న గుర్తు.

“మేడమ్, ఇది కాస్త వివరంగా రాయాలేమో,” అన్నాను. “ఏ సిర, లోపలిదా పైదా అని.”

ఆవిడ కళ్ళజోడు పైనుంచి చూశారు. “ఏం చేస్తుంటారు మీరు?”

చెప్పాను. కొంచెం గర్వంగానే చెప్పానేమో.

“రోజంతా కూర్చునే ఉంటారా?”

“కూర్చునే మేడమ్. లేవాల్సిన పనే ఉండదు.”

“నాకింకా తెలీదు. తెలీనప్పుడు తెలీదనే రాస్తాను. స్కాన్ చేయించుకుని రండి, అప్పుడు పేరు పెడదాం.”

స్కాన్‌లో తొడ దగ్గర, లోపలి సిరలో రక్తం గడ్డకట్టి ఉంది. ఆ గడ్డ కదిలి ఊపిరితిత్తుల్లోకి వెళ్తే మనిషి దక్కటం కష్టమని ఆవిడ సంతోషకుమారికి చెప్పారు. నాకు చెప్పలేదు. ఆ జబ్బు పేరూ, దాని అంకె, ఆ గడ్డ ఊపిరితిత్తుల్లోకి చేరితే వేసే అంకె కూడా నాకు నోటికొచ్చు. అలా చేరినవాళ్ళ కాగితాలు ఎన్నో చూశాను. కొన్నిట్లో చివరి పేజీలో రోగి పోయిన వేళ ఒక్కటే ఉండేది.

మంచమెక్కించి, పొట్ట మీద సూది వేసి, కాలు ఎత్తుగా పెట్టారు. ఇంత జరిగినా ఒక మూల నాకు సంతోషం. పేరు తేలింది. సంతోషకుమారి లోపలికి రాగానే, “లోపలి సిరేనట, తొడ దగ్గర,” అన్నాను, పరీక్ష ఫలితాలు చెప్పినట్టు.

ఆమె స్టూలు మీద కూర్చుని కొంగుతో మొహం కప్పుకుని ఏడ్చింది. ఏం చేయాలో తెలీక ఆమె చెయ్యి పట్టుకున్నాను. అప్పుడు మాత్రం పాఠం చెప్పలేదు.

గడ్డ కదల్లేదు. కొన్నాళ్ళకి ఇంటికి పంపారు. రక్తం పలచబడే మాత్రలిచ్చారు. కాలికి తొడ దాకా బిగుతు మేజోడు వేసుకోమన్నారు. గుంటూరు ఎండల్లో దాన్ని ఎక్కించుకోవటం ఓ పోరాటం. ఇంటిల్లిపాదీ సాయం పడితేగానీ ఎక్కదు. కూర్చోవటం తగ్గించి నడవమన్నారు. కూర్చోవటం కోసమే పర్చూరు వదిలానని డాక్టరు గారితో అంటే, ఆవిడ నవ్వు ఆపుకుని చీటీ రాసుకున్నారు.

ఇప్పుడు పొద్దున్నే మేమిద్దరం మిర్చియార్డు వైపు నడుస్తాం. మార్చి నెల కదా, లారీలు బారులు తీరి ఉంటాయి, గాలంతా ఘాటు. సంతోషకుమారి ముందు నడుస్తుంది, నేను తుమ్ముకుంటూ వెనక. ఈ రోజు ఓ టీ బండి దగ్గర బెంచీ ఖాళీగా కనిపించి ఆగాను.

“ఒక్క నిమిషం కూర్చుంటానే.”

“టీ తాగండి,” అంది. “నిలబడి తాగండి.”

రెండు గ్లాసులు చెప్పింది. నిలబడే తాగాం.