ఎండలో పెట్టిన సెల్లులు

పంకజాక్షికి మేనమామ టేపురికార్డరు అరువిచ్చినప్పుడు ఇంగ్లీషు పాఠాల క్యాసెట్టు ఒక్కటే దాంతోపాటు ఇచ్చాడు. సెల్లులివ్వలేదు మహానుభావుడు. ఏర్పేడు పక్కనున్న ఆ ఊళ్లో కరెంటును నమ్ముకుంటే అయ్యేది కాదు. అందుకని పంకజాక్షి నాయన వెంకటముని, తన టార్చిలో వెలుగు మసకబారిన సెల్లులను పెరట్లో బండమీద ఎండబెట్టి, వేడెక్కాక కూతురి చేతికిచ్చేవాడు. కొత్తవి ఎప్పుడూ టార్చికే. చెరుకుతోటలో పాములు మరి.

క్యాసెట్టులో దొర ఒక్కో మాటా సాగదీసి, బొంగురు గొంతుతో నింపాదిగా మాట్లాడేవాడు.

"పెద్దమనిసి కదమ్మా, తొందరెందుకు పడతాడు?" అనేవాడు వెంకటముని.

పంకజాక్షి అచ్చం అలాగే పలకడం నేర్చుకుంది. పాఠాలన్నీ కంఠతా వచ్చేశాయి. తిరుపతిలో కొత్తగా కట్టిన లాడ్జీలో టెలిఫోను దగ్గర కూర్చునే ఉద్యోగమొస్తే, బెల్లం గానుగ దగ్గర చెరుకుపిప్పి మోసే కూలి తప్పుతుంది. ఆ పిల్ల ఆశంతా దానిమీదే.

ఉద్యోగం అడగడానికి వెళ్లిన రోజు లాడ్జీ మేనేజరు ఇంగ్లీషులో గడగడా ఏదో అడిగాడు. తెలిసిన మాటలే అయివుండాలి, ఒక్కటీ చెవిలో నిలవలేదు. మళ్లీ అడిగాడు. పంకజాక్షికి ఏడుపొచ్చినంత పనైంది. చివరికి నోరు పెగల్చుకుని, "గు...డ్ మా...ర్నింగ్... స...ర్" అంది, దొరలాగే. పక్కనున్నవాళ్లు నవ్వారు. మేనేజరు నవ్వలేదు.

"ఒంట్లో బాగలేదా అమ్మా?" అని తెలుగులో అడిగి పంపించేశాడు.

ఇంటికొచ్చేసరికి వెంకటముని వాకిట్లోనే ఉన్నాడు.

"ఏమన్నారమ్మా?"

"చెప్పి పంపిస్తామన్నారు నాయనా."

"వచ్చేస్తాది, సూడు! అందుకే అంగట్లో కొత్త సెల్లులు తెచ్చినాను," అని సంబరంగా వాటిని వేసి మీట నొక్కాడు.

దొర గొంతు సన్నబడిపోయింది. మాటలు ఉరుకులు పరుగులు. అచ్చం మేనేజరు వేగమే. ఇన్నాళ్లూ తను విన్నది నీరసించిన సెల్లులు సాగదీసిన గొంతేనని పంకజాక్షికి అప్పుడర్థమైంది. నాయన మీద కోపం తెచ్చుకుందామన్నా రాలేదు.

వెంకటముని గాభరాగా టేపు ఆపేశాడు.

"ఏందమ్మా, ఎవరో తరమతా ఉన్నట్టు మాట్లాడతాండాడు! ఈ కొత్తవి మంచివి కావు. ఉండు, పాతవే ఎండలో పెట్టుకోనొస్తా."

సెల్లులు గుప్పిట పట్టుకుని పెరట్లోకి నడిచాడు.